సారమూ, సారాయీ: ఒక తొక్క చరిత్ర

నిమ్మజాతి పండ్ల విషయంలో తెలుగువారికి ఏనాడూ కొదవ లేదు. నిమ్మ, నారింజ, దబ్బ, నారదబ్బ, మాదీఫలం, పంపరపనస, బత్తాయి, కమలా అని ఇన్ని పేర్లు మన నోట పలుకుతున్నాయంటే ఇన్ని చెట్లు మన పెరళ్ళలోనూ తోటల్లోనూ ఉండబట్టే. వీటి రసాన్ని పులిహోరలో పిండుకున్నాం, కాయల్ని ఉప్పులో ఊరవేసుకున్నాం, జ్వరం తగ్గి లేచినవాళ్ళకు పాత నిమ్మకాయ ఊరగాయ పథ్యంగా పెట్టుకున్నాం. కాని ఈ పండ్ల వాసనను విడిగా తీసి, చిన్న సీసాలో పట్టి, ఏడాది పొడుగునా దాచుకోవాలన్న ఆలోచన మాత్రం తెలుగు వంటింటికి రాలేదు. ఆంగ్ల వంటపుస్తకాల్లో కేకు అన్న మాట వెంటనే వచ్చే లెమన్ ఎక్స్‌ట్రాక్టుకూ, ఆరెంజ్ ఎక్స్‌ట్రాక్టుకూ మనకు సొంత పేరు కూడా లేదు. సారం అనవచ్చు. అయితే సారం అనగానే పక్కనే సారాయి అన్న మాట వినిపిస్తుంది. వ్యుత్పత్తి సంగతి పండితులు చూసుకుంటారు గాని, చరిత్రలో మాత్రం ఈ రెండూ ఒకదాన్నొకటి వదలకుండా నడిచాయి. ఈ టపా ఆ నడక గురించి.

ముందుగా తొక్క సంగతి. మాది పంజగుట్ట. సాయంత్రం నడకకు అమీర్‌పేట వైపు వెళితే, కంప్యూటరు కోర్సులు చెప్పే సంస్థల బోర్డుల కింద వరుసగా బత్తాయిరసం బళ్ళు కనిపిస్తాయి. ప్రతి బండి పక్కనా ఒక ప్లాస్టిక్ డ్రమ్ము, దాని నిండా పిండేసిన తొక్కలు. కుర్రవాళ్ళు రసం తాగి వెళ్ళిపోతారు. అసలు వాసన ఆ డ్రమ్ములోనే ఉండిపోతుంది. ప్రపంచ వాణిజ్యంలో తిరిగే నారింజ నూనెలో అత్యధిక భాగం ఇలా రసం తీసే కర్మాగారాల్లో మిగిలిన తొక్కల నుంచి వచ్చేదే. చిన్నప్పుడు కమలా తొక్కను మడిచి పక్కవాడి కంట్లోకి చిమ్మించని వాళ్ళు మనలో ఎవరున్నారు? కన్ను భగ్గుమనిపించే ఆ తుంపరే నూనె. దాన్నే కొవ్వొత్తి మంట మీదికి చిమ్మిస్తే చిటపటమని మెరుస్తుంది. రంగున్న పైపొరలో కంటికి ఆనీ ఆనని చిన్నచిన్న తిత్తుల్లో అది నిలవుంటుంది. నారింజ, బత్తాయి నూనెలో నూటికి తొంభై పాళ్ళకు పైగా లిమొనీన్ అన్న ఒకే పదార్థం. నిమ్మనూనెలో అది కొంత తక్కువ. నిమ్మకు నిమ్మతనాన్నిచ్చేది సిట్రాల్, అదీ నూటికి కొద్ది పాళ్ళే. ఆ సిట్రాలే నిమ్మగడ్డి నూనెలో మూడు వంతుల దాకా ఉంటుంది కనుక, చవక నిమ్మవాసనలకు గడ్డే ఆధారమైంది. పైపొర కింద ఉన్న తెల్లటి మెత్తలో నూనె లేదు, చేదు ఉంది. ఆ చేదుల్లో ఒకదానికి రసాయనశాస్త్రం పెట్టిన పేరు నారింజిన్.

ఆ పేరు చూస్తే నాకు ముచ్చటేస్తుంది. నారింజ అన్నది మన దగ్గర నుంచి బయలుదేరి ప్రపంచం తిరిగిన మాట. సంస్కృతంలో నారంగమై, పారశీకంలో నారంగ్, అరబ్బీలో నారంజ్, స్పానిష్‌లో నరాంహా అయి, ఫ్రెంచి నోట్లో మొదటి నకారం రాలిపోయి ఆరెంజ్ అయింది. దీనికి మూలం ద్రావిడ భాషల్లోనే ఉందని భాషావేత్తలు చాలామంది అంటారు; తమిళంలో వాసనకు సంబంధించిన ధాతువు ఒకటి అందుకు సాక్ష్యంగా చూపిస్తారు. అదే నిజమైతే పండుకు పేరు పెట్టినవాడు పులుపును చూసి కాక, వాసనను చూసి పెట్టాడన్నమాట. బత్తాయిది ఎదురు ప్రయాణం. ఆ పేరు బటేవియా నుంచి, అంటే డచ్చివారు 1619లో జావాలో కట్టిన పట్టణం నుంచి వచ్చిందని చెబుతారు. అదే నేటి జకార్తా. బెంగాలీలు పంపరపనసను నేటికీ బాతాబి లేబూ అంటారు. డచ్చివారికి అంతకుముందు నుంచే మచిలీపట్నంలో వర్తకస్థావరం ఉంది, ఇక్కడి కలంకారీ బట్టలు అక్కడికి వెళ్ళేవి. ఓడలు తిరిగి వచ్చేటప్పుడు ఏమేం తెచ్చేవన్నదానికి మన బత్తాయి పేరు ఒక చిన్న రసీదు అనుకోవచ్చు. అదే బటేవియా నుంచి మరొక సరుకు కూడా వచ్చేది: అరక్కు.

ఇక్కడే కథ మన తీరానికి చేరుతుంది. ఇంగ్లీషువారి గ్లోబ్ అన్న ఓడ 1611లో పేటపోలి అనే రేవులో ఆగింది. పేటపోలి అంటే నేటి బాపట్ల జిల్లా నిజాంపట్నం. అక్కడొక వర్తకస్థావరం వెలిసింది. 1632 సెప్టెంబరులో రాబర్ట్ ఆడమ్స్ అనే కంపెనీ సిపాయి పేటపోలిలోని థామస్ కోలీ అనే వర్తకుడికి ఉత్తరం రాస్తూ పంచ్ అన్న పానీయాన్ని ప్రస్తావించాడు. ఆంగ్లంలో ఆ మాట కాగితమెక్కిన మొదటి సందర్భంగా నిఘంటుకారులు చూపించేది ఈ ఉత్తరాన్నే. పంచ్ అంటే ఏమిటి? 1670లలో ఇండియా వచ్చిన జాన్ ఫ్రయర్ అనే వైద్యుడు దానిలో అయిదు వస్తువులుంటాయనీ, ఈ దేశభాషలో అయిదుకు ఉన్న పేరే పానీయానికి వచ్చిందనీ రాశాడు. అరక్కు, పంచదార, నిమ్మ, నీళ్ళు, సుగంధద్రవ్యం అని అయిదింటినీ సాధారణంగా లెక్కపెడతారు. ఈ వ్యుత్పత్తిని ఒప్పుకోనివారూ ఉన్నారు. కల్లు పీపాకు నావికులు వాడే మాట నుంచి వచ్చిందన్నది వారి వాదం. ఏదైనా కానీయండి, సారాలో నిమ్మ కలిసిన మిశ్రమానికి ఆంగ్లేయులు రాసి పెట్టుకున్న తొలి చిరునామా ఒక తెలుగు ఊరు. మన సాహిత్య చరిత్రల్లో నిజాంపట్నానికి దక్కని గౌరవం మద్య చరిత్రలో దక్కింది. దానికి సంతోషించాలో వద్దో మీరే నిర్ణయించుకోండి.

పంచ్ ఇంగ్లండుకు వెళ్ళి పెద్దమనుషుల బల్లలెక్కింది. అక్కడివారు ఒక ఉపాయం కనిపెట్టారు. నిమ్మరసం పిండితే పులుపే వస్తుంది, వాసన తొక్కలో మిగిలిపోతుంది. అందుకని గట్టి పంచదార గడ్డను నిమ్మతొక్క మీద రుద్దేవారు. గరుకుగా ఉన్న పంచదార తిత్తుల్ని చీల్చి నూనెను తాగేస్తుంది. ఆ పంచదారను పాత్రలో వేసి పైన సారా పోసేవారు. 1862లో అచ్చయిన జెర్రీ టామస్ అనే అమెరికన్ పానీయాల పుస్తకంలో కూడా ఈ పద్ధతి ఉంది. దీన్ని గుర్తుపెట్టుకోండి, దీనితో మనకు తర్వాత పని ఉంది.

అరక్కు అన్న మాటను కూడా ఒకసారి విప్పి చూడాలి. అరబ్బీలో అరఖ్ అంటే చెమట. వేడి పాత్ర మూతకు చెమట పట్టినట్టు ఆవిరి చేరి, చుక్కచుక్కగా జారుతుంది గనుక బట్టీ పట్టిన ద్రవానికి ఆ పేరు. యునానీ వైద్యం దీన్ని తీసుకొని గులాబీ అర్ఖు, సోపు అర్ఖు చేసింది. హైదరాబాదు పాతబస్తీలో యునానీ మందుల అంగడి మెట్లెక్కి అర్ఖ్ అడిగితే సీసా ఇస్తారు, ఎవరూ వింతగా చూడరు. సంస్కృతంలో కూడా రావణుడి పేరు మీద అర్కప్రకాశమనే గ్రంథం చెలామణీలో ఉంది. దాని నిండా ఇలా బట్టీ పట్టే విద్యే. అదే మాట కల్లుపాక దారి పట్టి అరక్కు అయ్యేసరికి దాని బతుకు మారిపోయింది. ఒకే చెమటకు రెండు విధులు: ఒకటి మందు, ఒకటి ‘మందు’. మన ఇళ్ళలో ఈ తేడా ఎంత విచిత్రంగా పాటిస్తామంటే, సీసా మీద ద్రాక్షారిష్టమని రాసుంటే పూజగది పక్క గూట్లోనే పెడతాం. అరిష్టాలూ ఆసవాలూ పులిసి తయారయ్యేవి, వాటిలో సహజంగా పుట్టిన ఆల్కహాలు ఉంటుందన్న సంగతి ఎవరూ ఎత్తరు.

ఈ ద్వంద్వం హైదరాబాదు నేల మీద మరీ స్పష్టంగా కనిపిస్తుంది. అమీర్‌పేటలో మెట్రో ఎక్కి ఖైరతాబాదు వైపు వెళుతుంటే పంజగుట్ట తర్వాత ఎర్రమంజిల్ వస్తుంది. గుట్ట మీద భవంతిని నవాబు ఫక్రుల్ముల్క్ 1870 ప్రాంతంలో కట్టించాడు. ఇరం అంటే పారశీక కావ్యాల్లో స్వర్గతుల్యమైన తోట. ఆ ఇరం తెలుగువారి చెవిన పడి ఎర్ర అయింది. (2019లో దాన్ని కూల్చి శాసనసభ కట్టాలన్న నిర్ణయాన్ని హైకోర్టు కొట్టివేయబట్టి ఆ గోడలు ఇంకా నిలిచి ఉన్నాయి.) అటువంటి నవాబుల బల్లల మీద ఐరోపా వంటలు వడ్డించే కాలంలో, రాజ్యపు బొక్కసానికి ఆబ్కారీ పెద్ద ఆదాయం. ఊరూరా కల్లు, ఇప్పసారా. నగరంలో నారాయణగూడలో ప్రభుత్వ డిస్టిలరీ. 1937లో బోధన్ దగ్గర నిజాం చక్కెర కర్మాగారం పెట్టాక మడ్డి నుంచి ఆల్కహాలు తీయడం కూడా సాగింది. అంటే సారం తీయడానికి కావలసినవన్నీ, పండూ పంచదారా స్పిరిటూ, చేతికందే దూరంలోనే ఉన్నాయి. లేనిదల్లా ఆ స్పిరిటుకు వంటింటి గడప దాటే అర్హత.

కోస్తా, రాయసీమల్లో పరిస్థితి ఇంకొక రకం. అవి మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి. రాజాజీ ప్రభుత్వం 1937లో సేలంలో మద్యనిషేధం మొదలుపెట్టి, 1938లో చిత్తూరు, కడప జిల్లాలకు విస్తరించింది. స్వాతంత్ర్యం తర్వాత ప్రెసిడెన్సీ అంతా పొడిబారింది. ఆంధ్రరాష్ట్రం ఏర్పడ్డాక, 1954 నవంబరులో ప్రకాశం పంతులుగారి మంత్రివర్గం కూలిపోయింది కూడా ఈ నిషేధం ఉండాలా వద్దా అన్న వివాదం మీదే. ఒక ప్రభుత్వాన్నే పడగొట్టగల వస్తువును నిమ్మతొక్క నానబెట్టడానికి ఎవరు కొనుక్కొస్తారు? 1956లో రెండు ప్రాంతాలు కలిసినప్పుడు ఒకే రాష్ట్రంలో తెలంగాణ తడి, ఆంధ్ర పొడి.

నిషేధమున్న చోటల్లా జనం దృష్టి సీసాల మీద పడుతుంది. అల్లం టింక్చరు, ఫ్రెంచి పాలిషు, ఏదైనా సరే. ఇది మన జాతి లక్షణమేమీ కాదు. అమెరికాలో 1920 నుంచి 1933 దాకా నిషేధం ఉన్నప్పుడు వంటకు వాడే సారాలకు చట్టం మినహాయింపు ఇచ్చింది, జనం లెమన్ ఎక్స్‌ట్రాక్టునే గటగటా తాగారు. జమైకా జింజరు అనే అల్లం సారంలో 1930లో ఒక విషపదార్థం కల్తీ చేయడంతో వేలమందికి కాళ్ళు చచ్చుబడిపోయాయి. మన పార్లమెంటు 1955లో ఆల్కహాలు కలిసిన మందుల మీద, పరిమళద్రవ్యాల మీద సుంకం విధిస్తూ ప్రత్యేకంగా ఒక చట్టం చేసింది. ఇటువంటి నియమాల మధ్య, మన కిరాణా కొట్లలోకి వచ్చిన ఎసెన్సు చిన్న బుడ్డీల్లో సాధారణంగా ఉండేది స్పిరిటు కాదు, ప్రొపిలీన్ గ్లైకాల్. 1851లో లండనులో పుట్టిన బుష్ కంపెనీ పేరున్న బుడ్డీలు మీలో చాలామందికి గుర్తుండే ఉంటాయి. ప్రెషరు కుక్కరులో ఇసుక పోసి కేకు చేసిన తరానికి, ఆ తర్వాత గాజుమూత ఉన్న గుండ్రటి కరెంటు ఓవెను కొన్న తరానికి, కేకు వాసన అంటే ఆ బుడ్డీ వాసనే. వెనిల్లా, పైనాపిల్, ఆరెంజ్. ఆరెంజ్ అంటే ఆ కాషాయరంగు చాక్లెట్టు వాసన వచ్చేది, పండు వాసన కాదు. ఆ వాసనను నేను నిందించను. కొన్ని పుట్టినరోజులు దానితోనే ముడిపడి ఉన్నాయి. కాని నల్లగొండ బత్తాయి తొక్క గీరి చూసినవాడికి రెండూ ఒకటని చెప్పలేం.

ఇక పద్ధతి. అమెరికన్ ప్రమాణం ప్రకారం లెమన్ ఎక్స్‌ట్రాక్టులో ఘనపరిమాణంలో 5 శాతం నిమ్మనూనె ఉండాలి. అంత నూనె కరిగి నిలవాలంటే ఆల్కహాలు 80 శాతం పైబడి కావాలి. మన దుకాణాల్లో దొరికే వోడ్కా 42.8 శాతం. ఈ వింత అంకె ఎక్కడిదంటే, బ్రిటిషువారి పాత ప్రూఫు కొలతలో 75 డిగ్రీలు. సీసా మీద 25 అండర్ ప్రూఫ్ అని ఇప్పటికీ అచ్చువేస్తారు. దొరలు పోయినా వారి కొలత సీసాల మీద మిగిలింది. అందువల్ల ఇంట్లో చేసే సారం బజారు సారమంత గాఢంగా ఉండదు. చెంచాడు బదులు చెంచాన్నర వేసుకోవాలి, అంతే.

నేను చేసేది ఇది. ఎర్రగడ్డ రైతుబజారులో మచ్చల్లేని బత్తాయిలు ఎనిమిది తెస్తాను. బళ్ళ దగ్గరి తొక్కలు వాడను, అవి దుమ్ములో కోసినవి. గోరువెచ్చని ఉప్పునీళ్ళలో కాసేపు ఉంచి, బాగా రుద్ది కడిగి, తడి లేకుండా తుడుస్తాను. బంగాళాదుంప చెక్కు తీసే పీలరుతో పైపొరను మాత్రమే పలచగా తీస్తాను. తెల్ల మెత్త వెంట వస్తే చాకుతో గీకేయాలి, లేకపోతే నారింజిన్ తన పేరు నిలబెట్టుకుంటుంది. ఆ తొక్కను గాజుసీసాలో వేసి 200 మిల్లీలీటర్ల వోడ్కా పోసి, చీకటి అలమరలో పెట్టి, రోజుకొకసారి కుదుపుతాను. రెండు వారాలు చాలు. నెలలు నానబెడితే గొప్ప అనుకుంటారు గాని, వాసన ముందే దిగిపోతుంది, తర్వాత దిగేది చేదే. పలచటి బట్టలో వడగట్టి, ముదురు రంగు సీసాలో పోయాలి. వెలుతురూ గాలీ తగిలితే లిమొనీన్ పాడై టర్పెంటైన్ వాసన కొడుతుంది. సీసా గాజుదే కావాలి. ఈ నూనె థర్మాకోలును కరిగిస్తుంది, బెలూను మీద చిమ్మిస్తే పేలుతుంది. డ్రాపరుకుండే రబ్బరు తిత్తి దీనికి ఒక లెక్క కాదు. బేగంబజారులో చిన్న గోధుమరంగు సీసాలు దొరుకుతాయి. మన నిమ్మకాయ విషయంలో ఒక హెచ్చరిక: ఇది పడమటివారి లెమన్ కాదు, కాగ్జీ నిమ్మ, వారి లెక్కలో లైము. తొక్క బాగా పలచన, వాసన ఘాటు. పదిహేను కాయలైనా కావాలి, వచ్చే సారం కూడా వేరే వ్యక్తిత్వం గలది. దబ్బకాయ దొరికితే నిమ్మను మరిచిపోండి.

బహుమతి ప్రసంగం దగ్గరే నాకు ఈ చరిత్రంతా తవ్వాల్సి వచ్చింది. నిమ్మపండును కానుకగా ఇవ్వడం మనకు కొత్త కాదు. జనవరి ఒకటిన దొరలకు నిమ్మపండ్లిచ్చి నమస్కరించే ఆచారం కంపెనీ కాలపు మద్రాసు జిల్లాల్లో ఉండేది. కొత్త సంవత్సరం నాడు పై అధికారి చేతిలో నిమ్మకాయ పెట్టడం మన కార్యాలయాల్లో నిన్నమొన్నటి దాకా చూశాం. నిజాం దర్బారులో నజరానా అంటే బంగారు అష్రఫీ. బీదవాడి నజరానా నిమ్మకాయ. ఖర్చు లేనిది, శుభ్రమైనది, మంగళకరమైనది, లంచమని ఎవరూ అనలేనిది. ఆ నిమ్మకాయకు బదులు దాని వాసననే సీసాలో పెట్టి ఇవ్వడం నాకు ఆచారానికి కొనసాగింపుగానే తోచింది.

మా మేనత్తది నెల్లూరు జిల్లాలో ఉదయగిరి వైపు పల్లె. ఒక సంక్రాంతికి మా ఇంటికి వచ్చినప్పుడు సీసా ఆమె చేతిలో పెట్టాను. మూత తీసి వాసన చూసింది.

“ఏందబ్బయా ఇది? మందు వాసనేస్తా ఉండాదే.”

“బత్తాయి తొక్క అత్తా, వోడ్కాలో నానేసింది. కేకులోకి చెంచాడే.”

“చెంచాడయితే మాత్రం? నా ఇంట్లోకి అది రాదు నాయనా. ఆ పొద్దు మేము కుండలు పగలగొట్టింది ఎందుకంటా?”

ఆ పొద్దు అంటే 1992. కలిగిరి మండలం దూబగుంటలో అక్షరాలు నేర్చుకుంటున్న ఆడవాళ్ళు సారా దుకాణం మూయించారు. వారి వాచకంలో సీతమ్మ కథ అని ఒక పాఠం ఉండేది, తాగుడు వల్ల చితికిన ఒక సంసారం కథ. రోశమ్మ పేరు రాష్ట్రమంతా తెలిసింది. అంతకుముందు 1980లలో వారుణివాహిని పేరుతో ప్రభుత్వమే ప్యాకెట్లలో సారా పంచింది. అప్పట్లో పల్లెల్లో నీళ్ళ కుళాయి రాకముందే ప్యాకెట్టు వచ్చిందని చెప్పుకునేవారు. ఆ ఉద్యమం ఫలితంగా 1993 ఏప్రిల్లో నెల్లూరు జిల్లాలో, అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారా నిషేధమైంది. 1995 జనవరి నుంచి ఎన్.టి. రామారావు సంపూర్ణ మద్యనిషేధం తెచ్చారు, 1997లో అది సడలిపోయింది. శాసనాలు వచ్చాయి, పోయాయి. మా అత్త గడప మీద మాత్రం 1992 నాటి శాసనమే అమలులో ఉంది.

లెక్క చెప్పి ఒప్పించవచ్చు. చెంచాడు సారంలో ఉండే ఆల్కహాలు రెండు మిల్లీలీటర్లు, అది కేకంతటికీ. అందులోనూ కొంత వేడికి పోతుంది. అంతకంటే ఎక్కువే ఆమె రోజూ తాగే అరిష్టంలో ఉండవచ్చు. కాని అది పరిమాణానికి సంబంధించిన అభ్యంతరం కాదు. ఆ వాసనతో పోల్చుకోవడానికి ఆమెకు ఉన్నవి కేకులు కావు, రాత్రిళ్ళు. మా పక్క వాటాలో ఉండే ఖాలాకు కూడా ఆ సీసా ఇవ్వలేను, ఆమె కారణం వేరు. ఇచ్చేవాడి రుచిని బట్టి కాక పుచ్చుకునేవారి గడపను బట్టి కానుక ఉండాలన్నది నిమ్మకాయకు తెలిసిన మర్యాదే. అందుకని ఇద్దరికీ పనికొచ్చే దారి వెతికాను.

గ్లిజరిన్ ఒక దారి. తినదగిన గ్లిజరిన్ మూడు పాళ్ళు, కాచి చల్లార్చిన నీళ్ళు ఒక పాలు కలిపి తొక్క నానబెడతారు. తియ్యగా, చిక్కగా వస్తుంది గాని, నూనె దానిలో సరిగా కరగదు. నెల ఆగినా వాసన మొహమాటంగానే ఉంటుంది. నాకది నచ్చలేదు.

రెండో దారి పంచ్ తాగేవాళ్ళు చూపించిందే. వారు సారా పోయడానికి ముందు చేసిన పని దగ్గరే మనం ఆగిపోతే సరి. బత్తాయి తొక్కను సన్నటి తురుముపీట మీద పైపైన గీరి, దాని బరువుకు మూడింతలు పంచదార తీసుకుని, వెడల్పు పళ్ళెంలో రెండూ కలిపి వేళ్ళతో పది నిమిషాలు నలపాలి. పంచదార తడిసిన ఇసుకలా అవుతుంది, లేత పసుపురంగు వస్తుంది, గదంతా వాసన. పళ్ళెంలోనే పలచగా పరిచి, మీద బట్ట కప్పి ఒక రాత్రి ఆరనిచ్చి, ఉండలు చిదిపి గాజుసీసాలో గట్టిగా బిగిస్తే ఫ్రిజ్‌లో నెల దాకా నిలుస్తుంది. ద్రవసారంలా ఏళ్ళ తరబడి ఉండదు, కాబట్టి సీసా మీద చేసిన తేదీ రాసి ఇస్తాను. కేకులోకి మామూలు పంచదారలో పావు వంతు తీసేసి ఇది వేసుకోవాలి. వెన్నతో పాటు గిలకొడితే వాసన వెన్నలోకి దిగుతుంది. పిండిలో కలిపితే అంత దిగదు.

ఖాలా దాన్ని ఈద్‌కి షీర్‌ఖుర్మాలో వేయనని, అది తప్పని ఖచ్చితంగా చెప్పింది; కాని బిస్కట్లు చేసి పంపింది. అత్త మాత్రం ఏలకులు మానేసి రవ్వకేసరిలో వేస్తోంది. ఈసారి దబ్బతొక్కతో చేసి పంపమని కబురు పెట్టింది.